శ్రీవిజయ నుంచి భయంకర దాకా: ఒక మిడ్‌ఫీల్డర్, నేను, మా కాంగ్

2010లో చిలకలూరిపేట మిల్లు వదిలి ఇండోనేషియా వెళ్లేటప్పుడు నాకు ఫుట్‌బాల్ గురించి తెలిసింది రెండే ముక్కలు. ఒకటి, బంతిని చేత్తో ముట్టుకోకూడదు. రెండు, మా బాబాయి చెప్పిన రహీం సాబ్ కథ. బాబాయి హైదరాబాద్ పోలీసుల్లో హెడ్ కానిస్టేబుల్‌గా చేశాడు. రెండు పెగ్గులు పడితే చాలు, 1950 నుంచి 54 దాకా వరసగా ఐదేళ్లు రోవర్స్ కప్పు కొట్టిన హైదరాబాద్ సిటీ పోలీస్ టీము గురించి, దాని కోచ్ రహీం గురించి మొదలుపెట్టేవాడు. "జకార్తాలో లక్షమంది మన జట్టును గేలి చేస్తుంటే గోల్డ్ మెడల్ పట్టుకొచ్చాడురా, మన హైదరాబాదీ" అనేవాడు. 1962 ఆసియా క్రీడల ఫైనల్ అది. కొరియా మీద 2-1. నాకేమో జకార్తా ఎక్కడుందో కూడా సరిగ్గా తెలియని వయసు.

తీరా నాకు ఉద్యోగం వచ్చింది జకార్తాలో కాదు, బాండుంగ్ పక్కన మజలయాలో. నేత ఊరు. ఏటి పేరు చితారుమ్. రంగుల అద్దకం నీళ్లన్నీ అందులోకే. వానాకాలంలో పొంగితే ఊరంతా మోకాలి లోతు నీళ్లు. స్పిన్నింగ్ మాస్టర్‌గా రెండేళ్ల కాంట్రాక్టు అని వెళ్లాను. పొడిగిస్తూ పొడిగిస్తూ ఏడేళ్లు ఉన్నాను.

నా కింద ఒక షిఫ్ట్ సూపర్‌వైజర్ ఉండేవాడు. నాకంటే ఐదారేళ్లు పెద్ద. అక్కడి సుండా జాతి వాళ్లు మన 'అన్నా' లాగా 'కాంగ్' అంటారు. మిల్లులో అందరూ ఆయన్ని కాంగ్ అనే పిలిచేవాళ్లు, నేనూ అంతే. ఆయన మాత్రం నన్ను మొదటి రోజు 'మిస్టర్' అన్నాడు, చివరి రోజు కూడా 'మిస్టర్' అనే అన్నాడు. లవంగం సిగరెట్టు వాసన వచ్చిందంటే వెనకాల కాంగ్ ఉన్నాడని అర్థం. ఆయనకు జీవితంలో రెండే విషయాలు: రింగ్ ఫ్రేముల (దారం వడికే యంత్రాల) ఎఫిషియెన్సీ, పెర్సిబ్. పెర్సిబ్ అంటే బాండుంగ్ ఫుట్‌బాల్ క్లబ్బు. నీలం చొక్కా, 'పులి' అని ముద్దుపేరు. అభిమానుల్ని బోబోతో అంటారు. 'పెర్సిబ్ ను అయింగ్' అని గోడల మీద, మోటార్ సైకిళ్ల మీద, చివరికి మా మిల్లు టాయిలెట్ తలుపు మీద కూడా రాసి ఉండేది. 'పెర్సిబ్ నాది' అని అర్థం. మర్యాద మాటల్లో చెప్పే 'నాది' కాదది, కాస్త మోటుగా, ఎవడు కాదంటాడో చూద్దామన్నట్టు చెప్పే 'నాది'.

వెళ్లిన ఏడాది డిసెంబరులోనే నాకు ఫిర్మాన్ ఉతినా పరిచయం. పరిచయం అంటే తెర మీద.

ఆగ్నేయాసియా దేశాల ఏఎఫ్ఎఫ్ కప్పు అప్పుడు. ఇండోనేషియా ఆడే రోజు నైట్ షిఫ్టుకు మనుషులు రావడం గగనం. మొదటి మ్యాచ్‌లో మలేషియాను 5-1తో కొట్టారు. తర్వాత లావోస్‌ను 6-0. తర్వాత థాయ్‌లాండ్‌ను 2-1. ఊరు ఊగిపోయింది. నోబార్ అంటారు వాళ్లు, గుంపుగా కూర్చుని చూడటం. మిల్లు గేటు ఎదురుగా ఉన్న టీకొట్టు ఆవిడ గోడకు దుప్పటి కట్టి ప్రొజెక్టర్ పెట్టేది. బాలా-బాలా వేసేది, అచ్చం మన కూరగాయల పకోడీ. అల్లం, తాటిబెల్లం కాచిన బంద్రెక్ ఇచ్చేది. నేను నిజానికి పకోడీ కోసం వెళ్లేవాణ్ని.

అందరూ గోల్స్ కొట్టేవాళ్ల పేర్లు అరుస్తుంటే కాంగ్ మాత్రం 15 నంబరు చొక్కా వేసుకున్న పొట్టి మనిషిని చూడమన్నాడు. "అతనే ఫిర్మాన్, కెప్టెన్. మనాడో వాడు." మనాడో సులవేసి దీవికి ఉత్తరపు కొసన ఉంది, బాండుంగ్ నుంచి చూస్తే వేరే దేశమన్నంత దూరం. "ఏం చేస్తాడు ఈయన?" అన్నాను. నిజంగానే నాకేమీ కనపడలేదు. బంతి వచ్చేది, వెళ్లిపోయేది. కాంగ్ కాసేపు ఆలోచించి, "సింప్లెక్స్" అన్నాడు.

అంతకంటే బాగా ఎవరూ నాకు మిడ్‌ఫీల్డర్ గురించి చెప్పలేదు. మిల్లు తెలియని వాళ్ల కోసం చెప్తాను. కార్డింగ్ నుంచి, అంటే దూదిని దువ్వే యంత్రం నుంచి వచ్చిన స్లైవర్ అనే దూది తాడు లావుగా, వదులుగా ఉంటుంది. దాన్ని నేరుగా రింగ్ ఫ్రేముకు పెడితే దారం రాదు. మధ్యలో సింప్లెక్స్ దాన్ని సన్నం చేసి, కాస్తంత మెలి పెట్టి, రోవింగ్‌గా బాబిన్‌కు చుట్టి ఇస్తుంది. మెలి ఎక్కువైతే రింగ్ ఫ్రేము లాగలేదు, తక్కువైతే తెగిపోతుంది. మిల్లు చూడటానికొచ్చిన పెద్దమనుషులు రింగ్ ఫ్రేముల ముందు నిలబడి ఫొటోలు దిగుతారు. సింప్లెక్స్ ముందు ఎవడూ దిగడు.

ఆ రోజు నుంచి నేను బంతిని వదిలేసి ఆ మనిషినే చూడటం మొదలుపెట్టాను. బంతి తన దగ్గరికి రాకముందే రెండుసార్లు తల తిప్పి వెనక్కి చూసుకునేవాడు. అప్పుడు అర్థమైంది, ఆయన ఎందుకు కంగారు పడడో.

ఫైనల్ రెండు కాళ్ల మీద, అంటే ఒకటి మలేషియాలో, ఒకటి జకార్తాలో. డిసెంబరు 26న బుకిత్ జలీల్‌లో జరిగిన మొదటి దాంట్లో ప్రేక్షకుల్లోంచి ఆకుపచ్చ లేజర్ లైట్లు ఆటగాళ్ల మొహాల మీద కొట్టారు. ఆట కాసేపు ఆగింది కూడా. మళ్లీ మొదలయ్యాక మనవాళ్లు కుప్పకూలారు, 0-3. చూశారా, 'మనవాళ్లు' అని రాశాను. ఏ రోజు నుంచి అలా అనడం మొదలైందో నాకే తెలియదు.

29న జకార్తాలో రెండోది. గెలోరా బుంగ్ కర్నో స్టేడియం, బాబాయి చెప్పిన 1962 ఫైనల్ జరిగింది అక్కడే. టికెట్ల కోసం అంతకుముందు రోజుల్లో పెద్ద రభస అయ్యింది. టీకొట్టు దగ్గర కూర్చోవడానికి చోటు లేదు. నేను బియ్యం బస్తా మీద కూర్చున్నాను. మూడు గోల్స్ కొట్టాలి, ఒకటి కూడా ఇవ్వకూడదు. అయ్యే పనేనా? కాంగ్ లెక్క వేరు: మొదటి ఇరవై నిమిషాల్లో ఒకటి పడితే చాలు, మిగతాది స్టేడియమే చూసుకుంటుంది.

18వ నిమిషంలో పెనాల్టీ వచ్చింది.

ఆ దుప్పటి తెర మీద ఒక మడత ఉండేది, సరిగ్గా గోల్‌పోస్టు మీద పడేది. ఫిర్మాన్ బంతి పెట్టుకున్నాడు. కాంగ్ సిగరెట్టు వెలిగించబోయి అగ్గిపుల్ల అలాగే పట్టుకున్నాడు. టీకొట్టు ఆవిడ బాణలి కింద మంట తగ్గించింది. ఆ చప్పుడు కూడా అడ్డం కాబోలు. ఫిర్మాన్ కొట్టాడు. మడత వల్ల నాకు బంతి కనపడలేదు. చుట్టూ ఎవరూ అరవలేదు, దాన్ని బట్టి తెలిసింది. మలేషియా గోల్‌కీపర్ ఖైరుల్ ఫహ్మీ ఆపేశాడు. కాంగ్ వేళ్ల మధ్య అగ్గిపుల్ల చివరిదాకా కాలి ఆరిపోయింది.

తర్వాత మలేషియా ఒకటి కొట్టింది. ఆఖరి ఇరవై నిమిషాల్లో మనవాళ్లు రెండు కొట్టారు. మ్యాచ్ 2-1తో గెలిచి కప్పు 2-4తో పోగొట్టుకున్నారు. ఆ తర్వాత టోర్నీ మొత్తానికి ఉత్తమ ఆటగాడిగా ఎవరిని ప్రకటించారో తెలుసా? ఫిర్మాన్ ఉతినానే. ఓడిన కెప్టెన్‌కు, పెనాల్టీ పోగొట్టిన వాడికి. తెర మీద ఆయన ముఖం ఎలా ఉందో నాకు గుర్తు లేదు. అప్పటికి సగం మంది లేచి వెళ్లిపోయారు. కాంగ్ మాత్రం ఉన్నాడు. "కరెక్టే ఇచ్చారు" అని ఒక్క మాట అన్నాడు. మర్నాడు మిల్లులో 40ల కౌంట్ సన్నదారం ఎక్కువగా తెగుతోందని నేను అరిస్తే మాత్రం "నిన్న రాత్రి అందరికీ తెగింది మిస్టర్" అన్నాడు.

నాకు ఆ మనిషి మీద ఆసక్తి పెరిగింది అక్కడి నుంచే. ఎక్కడెక్కడ ఆడాడని కాంగ్‌ని అడిగితే వేళ్లు సరిపోలేదు. సొంత ఊరి పెర్స్‌మా మనాడోతో మొదలు. తర్వాత జకార్తా పక్కన తంగెరాంగ్ జట్టు పెర్సితా. తర్వాత మలాంగ్‌లో అరెమా. 2005, 2006 రెండేళ్లూ కోపా ఇండోనేషియా కప్పు అరెమాదే. 2005 ఫైనల్‌లో జకార్తా జట్టు పెర్సిజాను 4-3తో ఓడించారు. (మలాంగ్ పేరు 2022లో ప్రపంచమంతా వింది. కంజురుహాన్ స్టేడియంలో 135 మంది చనిపోయిన రాత్రి నేను ఆ దేశంలో లేను, కానీ నిద్ర పట్టలేదు.) మళ్లీ పెర్సితా, పెలితా జయ, జకార్తా పెర్సిజా. నేను వెళ్లిన నాటికి పాలెంబాంగ్‌లో స్రివిజయ.

ఇక్కడ ఒక మాట చెప్పకుండా ఉండలేను. తెలుగువాడు ఆ లీగు పట్టిక చదివితే చందమామ చదివినట్టే ఉంటుంది. శ్రీవిజయ, జయ, మిత్ర! పాపువా దీవిలో జయపుర అనే ఊరి జట్టు పెర్సిపుర. ఒకప్పుడు జావాను ఏలిన మజాపహిత్ రాజుల అంగరక్షక దళం పేరు మీద పోలీసుల జట్టు ఒకటుంది, దాని పేరు భయంగ్కర. అవును, మన భయంకరమే. పోలీసు జట్టుకు అంతకంటే మంచి పేరు ఎవరు పెట్టగలరు?

కాంగ్ అంతవరకూ బాగానే చెప్పి, పెర్సిజా అనే పేరు దగ్గర కాస్త గొంతు తగ్గించాడు. బాండుంగ్‌కీ జకార్తాకీ మధ్య ఉన్నది మామూలు పోటీ కాదు. బాండుంగ్ బండ్ల నంబరు ప్లేటు 'డి'తో మొదలవుతుంది, జకార్తావి 'బి'తో. మ్యాచ్ రోజు 'బి' బండి వేసుకుని బాండుంగ్ రోడ్ల మీదికి రావాలంటే గుండె ధైర్యం కావాలి. మా మిల్లు కారు ఒకటి 'బి' ప్లేటుది, మ్యాచ్ ఉంటే డ్రైవర్ దాన్ని బయటికి తీసేవాడే కాదు.

కాబట్టి 2013 సీజన్‌కు ఫిర్మాన్ పెర్సిబ్‌కి వస్తున్నాడని తెలిసినప్పుడు కాంగ్ ఎగిరి గంతేస్తాడనుకున్నాను. వెయ్యలేదు. స్రివిజయ అప్పుడే 2011-12 లీగు గెలిచింది. అక్కడి నుంచి ఫిర్మాన్, ముహమ్మద్ రిద్వాన్, సుపార్ది ముగ్గురూ కలిసి బాండుంగ్ వచ్చారు. "కిరాయి మనుషులు. ఈ ఏడు ఇక్కడ, వచ్చే ఏడు ఎక్కడో" అన్నాడు కాంగ్. నేను వెంటనే "నేను కూడా అంతే కదా కాంగ్" అన్నాను. ఆయన నవ్వి, "మీరు పెనాల్టీ కొట్టరు కదా మిస్టర్" అన్నాడు.

అలా ఊరూరా తిరగడం వాళ్ల తప్పేమీ కాదని తర్వాత తెలిసింది. చాలా క్లబ్బులు అంతకుముందు మునిసిపాలిటీ డబ్బుతో నడిచేవి. 2011 తర్వాత ఆ డబ్బు వాడకూడదన్నారు. అదే సమయంలో పెద్దల గొడవల్లో దేశంలో రెండు లీగులు పుట్టాయి. ఎవరిది అసలుదో, ఎవరిది నకిలీదో తేలక జాతీయ జట్టుకు కూడా ఆటగాళ్లు దొరకని పరిస్థితి. నెలల తరబడి జీతాలు లేవు. సోలో అనే ఊరి జట్టుకు ఆడే పరాగ్వే ఆటగాడు డియెగో మెండియెతా 2012 డిసెంబరులో జబ్బు చేసి ఆస్పత్రిలో చనిపోయాడు, అప్పటికి క్లబ్బు ఆయనకు నెలల జీతం బాకీ. అలాంటి చోట ఏడాది ఏడాదికి మూటా ముల్లె సర్దుకోని వాడు ఎవడు? నా సంగతీ అంతే. నన్ను తీసుకెళ్లిన ఏజెంటు చెప్పిన జీతం ఒకటి, అక్కడ చేతికొచ్చింది ఒకటి. ఆ కథ ఇక్కడొద్దు.

2013లో ఒకసారి సోరెయాంగ్‌లోని జలక్ హరుపత్ స్టేడియానికి వెళ్లాం, కాంగ్ స్కూటీ మీద ఇద్దరం. నాకు నీలం చొక్కా లేదని కాంగ్ మిల్లు హెల్పర్ల నీలం యూనిఫాం చొక్కా వేసుకోమన్నాడు. టీవీలో కంటే మైదానంలో ఫిర్మాన్ ఇంకా పొట్టిగా ఉన్నాడు. పక్కన హరియోనో, పొడవు జుట్టు వేసుకుని అడ్డొచ్చిన ప్రతి కాలి మీదా పడేవాడు.  ఆ పరుగుల మధ్య ఫిర్మాన్ దాదాపు నడుస్తున్నట్టే ఉన్నాడు. ఒకచోట ముగ్గురు మీదికి వచ్చారు. బంతి మీద అరికాలు పెట్టి ఆగాడు, అంతే. ముగ్గురూ ఆగారు. ఆ లోపల సుపార్ది కుడి గీత వెంట ఖాళీలోకి వెళ్లిపోయాడు. బంతి ఎప్పుడు తన్నాడో నేను చూడలేదు. కాంగ్ నా భుజం మీద గట్టిగా కొట్టి, "రోవింగ్!" అని అరిచాడు. చుట్టూ ఉన్న బోబోతోలు ఇదేం కొత్త తిట్టో అన్నట్టు చూశారు.

ఆ ఏడాదే జూన్‌లో జకార్తా వెళ్లిన పెర్సిబ్ బస్సు మీద రాళ్లు పడ్డాయి, ఆ రోజు మ్యాచ్ జరగలేదు. ఫిర్మాన్ ఒకప్పుడు పెర్సిజా చొక్కా వేసుకుని ఆడిన ఊరే అది. ఆ సంగతి తలుచుకునే అనుకుంటాను, ఆ తర్వాత కాంగ్ నోట 'కిరాయి మనుషులు' అనే మాట మళ్లీ వినలేదు.

2014 నవంబరు 7, శుక్రవారం. ఫైనల్ పాలెంబాంగ్‌లో, జకబరింగ్ స్టేడియంలో. ఆ ముగ్గురూ వదిలొచ్చిన స్రివిజయ సొంత మైదానంలో. ఎదురుగా పెర్సిపుర. పెర్సిబ్ లీగు గెలిచి అప్పటికి 19 ఏళ్లు. 1995లో గెలిచిన రాత్రి కాంగ్‌కి ఇంకా పెళ్లి కాలేదు. మా మిల్లు యాజమాన్యం ఈసారి తెలివిగా క్యాంటీన్‌లోనే తెర కట్టించింది, కనీసం మనుషులు గేటు లోపల ఉంటారని.

ఐదో నిమిషంలోనే పెర్సిపుర గోలు. విరామానికి ముందు వాళ్ల మనిషే పొరపాటున సొంత గోల్‌లోకి కొట్టుకున్నాడు. రెండో సగంలో రిద్వాన్ కొట్టి పెర్సిబ్‌ను ముందుకు తెచ్చాడు. క్యాంటీన్ కంచాలన్నీ గాల్లోకి లేచాయి. ఇక అయిపోయిందనుకుంటే బోఅజ్ సొలోసా 2-2 చేశాడు. అదనపు సమయం. అందులోనూ తేలలేదు. పెనాల్టీలు.

కాంగ్ లేచి బయటికి వెళ్లిపోయాడు. నేను వెనకాలే వెళ్లాను. సైకిల్ స్టాండ్ దగ్గర నేల మీద కూర్చుని ఉన్నాడు. "లోపలికి రా కాంగ్." "రాను. మీరు చూసి చెప్పండి." అలా నేను తలుపు దగ్గర నిలబడి, ఒక్కొక్క పెనాల్టీ చూసి, వచ్చీరాని ఇండోనేషియన్‌లో అరుస్తూ ఉన్నాను. మాసుక్, అంటే లోపల పడింది. మాసుక్. మాసుక్. పెర్సిపుర వాడు నెల్సన్ ఆలొమ్ కొట్టింది మన గోల్‌కీపర్ మాదె విరావాన్ ఆపాడు. ఆ మాట చెప్పడానికి నాకు వాళ్ల భాషలో పదం దొరకలేదు. తెలుగులోనే "ఆపేశాడు కాంగ్, ఆపేశాడు!" అని అరిచాను. ఆయనకు అర్థమైంది. చివరిది జుఫ్రియాంతో కొట్టాడు. 5-3. నేనేమీ అరవక్కర్లేకపోయింది.

ఆ రాత్రి మజలయా రోడ్ల మీద మోటార్ సైకిళ్లు తప్ప తారు కనపడలేదు. కాంగ్ కొడుకు ఇంజను బుర్రుబుర్రుమనిపిస్తుంటే కాంగ్ వెనక కూర్చుని నిశ్శబ్దంగా ఏడుస్తున్నాడు. నైట్ షిఫ్టు ప్రొడక్షన్ ఎంతొచ్చిందని ఎవరూ అడగొద్దు.

2015 నాకు సరిగ్గా గుర్తు లేదు, గుర్తుంచుకోవడానికి లీగే లేదు. ప్రభుత్వానికీ ఫుట్‌బాల్ సంఘానికీ గొడవ, లీగు ఆగిపోయింది. మే 30న ఫిఫా మొత్తం దేశాన్నే సస్పెండ్ చేసింది. ఏడాది పాటు అంతే. పెద్ద పెద్ద ఆటగాళ్లు తర్కమ్ ఆడుకుని ఇల్లు నడుపుకున్నారు. తర్కమ్ అంటే ఊరికీ ఊరికీ మధ్య పందెం మ్యాచ్. మన పల్లెల్లో సంక్రాంతి వాలీబాల్ టోర్నమెంటుకు బయటి నుంచి డబ్బిచ్చి ఆటగాణ్ని తెచ్చుకోరూ, అలాగన్నమాట. ఆట మళ్లీ మొదలయ్యే సరికి ఫిర్మాన్ బాండుంగ్ వదిలేశాడు. మళ్లీ స్రివిజయ. కాంగ్ ఏమీ అనలేదు, లాకర్ లోపల అంటించిన టీము ఫొటో మాత్రం తీయలేదు.

2017లో 35 ఏళ్ల వయసులో ఆయన పోలీసుల జట్టుకు వెళ్లాడు. భయంగ్కర ఎఫ్‌సీ. ఆ వార్త చెప్తూ కాంగ్ పొట్ట పట్టుకుని నవ్వాడు: "మీ కెప్టెన్ పోలీసయ్యాడు మిస్టర్." నాకు మాత్రం బాబాయి గుర్తొచ్చాడు. ఆయన అప్పటికి లేడు. ఉండి ఉంటే, పోలీసు జట్టులో చేరాడంటే ఎంత సంబరపడేవాడో, నేను ఇంకెవరికీ చెప్పలేను.

ఆ సెప్టెంబరుకు నా కాంట్రాక్టు అయిపోయింది. వియత్నాంలో కొత్త మిల్లు. బయలుదేరే రోజు కాంగ్ విమానాశ్రయం దాకా రాలేదు, షిఫ్టులో ఉన్నాడు. గేటు దగ్గరే చెయ్యి కలిపి, రెండు చేతులూ గుండెకు తాకించుకున్నాడు.

నవంబరు 8న, కొత్త మిల్లులో నైట్ షిఫ్టులో ఉండగా ఫోను మోగింది. కాంగ్. భయంగ్కర మదురా దీవిలో 3-1తో గెలిచి లీగు కొట్టేసింది. మామూలుగా కాదు, పెద్ద రచ్చ. మిత్ర కుకర్ అనే జట్టు ఆడకూడని ఆటగాణ్ని ఆడించిందని ఒక మ్యాచ్ పాయింట్లు వీళ్లకు ఇచ్చారు. చివరికి బాలి యునైటెడ్‌తో సమానంగా 68 పాయింట్లు ఉన్నా ముఖాముఖీ లెక్కలో వీళ్లదే పైచేయి. పోలీసులు కదా, అని దేశమంతా నవ్వుకుంది. కాంగ్ కూడా తిట్టాల్సినవన్నీ తిట్టాడు.

"ఏదేమైనా కాంగ్, స్రివిజయ, పెర్సిబ్, ఇప్పుడిది. మూడు ఊళ్లలో మూడు టైటిళ్లు కొట్టాడు మనవాడు" అన్నాను.

అటు నుంచి అగ్గిపుల్ల గీసిన చప్పుడు వినపడింది. సిగరెట్టు అంటుకునేదాకా ఆగాడు.

"ఒకటే మిస్టర్" అన్నాడు. "మిగతావి నేను లెక్కపెట్టను."